‘ఉన్నారా’ అంటాం, ‘బతికున్నారా’ అనం. ఎందుకు?

నమస్తే. ఈసారి ఒక ఫోన్ కాల్‌తో మొదలుపెడతాను.

పోయిన నవంబర్లో మా పెదనాన్నకి ఫోన్ చేశాను. ఆయనకి 78 ఏళ్ళు. ఫోన్ ఎత్తింది ఆయన మనవడు, రెండో తరగతి చదువుతున్నాడు.

"తాతయ్య ఉన్నారా నాన్నా?"

"తాతయ్య లేరు బాబాయ్."

నా గుండె జారిపోయింది. "ఎప్పుడు?" అన్నాను.

"పొద్దున్నే."

"అయ్యో... ఎలా?"

"ఆటోలో."

అప్పటికి గానీ నాకు ఊపిరి ఆడలేదు. ఆయన బ్యాంకుకి వెళ్ళారట. ఎందుకు వెళ్ళారో చెబితే నవ్వుతారు. తాను బతికే ఉన్నానని రుజువు చేసుకోవడానికి! పెన్షన్ తీసుకునేవాళ్ళు ఏటా ఇచ్చే లైఫ్ సర్టిఫికెట్ కోసం. ఆ సంగతికి చివర్లో వద్దాం.

పిల్లాడి తప్పేం లేదు. తెలుగులో ‘లేరు’ అంటే ఇంట్లో లేరనీ కావచ్చు, లోకంలోనే లేరనీ కావచ్చు. ‘ఉన్నారు’ కూడా అంతే. చాలా ఏళ్ళ తర్వాత కలిసిన స్నేహితుణ్ణి "మీ నాన్నగారు ఉన్నారా?" అని అడుగుతాం. "ఉన్నారు, అన్నయ్య దగ్గర ఉన్నారు" అంటాడు. అదే ప్రశ్నని "మీ నాన్నగారు బతికున్నారా?" అని అడిగి చూడండి. గారు తగిలించినా మాట కరుకుగానే ఉంటుంది. ఇంకా పోలేదా అన్నట్టు వినపడుతుంది. నిఘంటువు చూస్తే రెంటికీ అర్థం ఒకటే. నోట్లోంచి వచ్చాక మాత్రం ఒకటి పలకరింపు, రెండోది తిట్టుకి దగ్గర.

ఎందుకిలా? నేను దీని మీద చాలా రోజులుగా ఆలోచిస్తున్నాను. నాకు తోచింది ఇది: ఊరికే ప్రాణంతో ఉండటానికి మనం వాడేది ‘ఉండు’. ‘బతుకు’ అనేది ఒక స్థితి కాదు, ఒక పని. చెయ్యాలి. చేతకావాలి. కొందరికి బాగా చేతనవుతుంది, కొందరికి కాదు.

నమ్మకం కుదరకపోతే రోజూ వినే మాటలే తీసుకోండి. "ఎలా ఉన్నారు?" అని అడుగుతాం. ఉండటం గురించి అడిగాం. జవాబేమో, "ఏదో, ఇలా బతికేస్తున్నాం." గమనించారా? ప్రశ్న ఉండటం గురించి, జవాబు కష్టం గురించి. ఆ ‘ఏదో’ అన్నమాట ‘బతుకు’ పక్కన ఎంత బాగా అతుకుతుందో చూడండి. "ఏదో ఉన్నాను" అంటే ఒంట్లో బాలేదేమో అనుకుంటాం. "ఏదో బతుకుతున్నాను" అంటే జేబు ఖాళీ అని అర్థమైపోతుంది.

ఇక్కడ మా అమ్మ మందారం కొమ్మ గురించి చెప్పాలి. పక్కింటివాళ్ళ దగ్గర కొమ్మ విరుచుకొచ్చి కుండీలో గుచ్చింది. పది రోజులకి ఆకులన్నీ రాలిపోయి ఒట్టి పుల్ల మిగిలింది. పీకేద్దామన్నాను నేను. అమ్మ వంగి, బొటనవేలి గోరుతో బెరడు మీద మెల్లగా గీకింది. బూడిద రంగు పొర లేచింది. దాని కింద సన్నగా, తడిగా, పచ్చటి గీత. "బతికింది, వదిలెయ్" అంది.

బతికింది! ఆ కొమ్మ పక్కింటి చెట్టుకి ఉన్నప్పుడూ ప్రాణంతోనే ఉంది కదా. అప్పుడు ఎవరూ దాన్ని ‘బతికింది’ అనలేదు. కోసి, వేరే మట్టిలో గుచ్చి, ఆకులు రాలి, తట్టుకుని, వేరు పోసుకుంటేనే బతికినట్టు. సొంత చెట్టు మీద ఉన్నదాన్ని ‘ఉంది’ అంటాం. పరాయి మట్టిలో నిలదొక్కుకున్నదాన్ని ‘బతికింది’ అంటాం.

మనుషులకీ ఇదే మాట. "బతకడానికి పట్నం వచ్చాం" అంటారు. మరి ఊళ్ళో చచ్చిపోయి ఉన్నారా? లేదు, అక్కడ ఉన్నారు. ఇక్కడికి బతకడానికి వచ్చారు. తెలంగాణలో ‘బతుకపోయిండు’ అంటే పని వెతుక్కుంటూ ఊరు దాటాడని. పాలమూరు నుంచి తరాల తరబడి కూలీలు అలా ‘బతుకపోయినవాళ్ళే’. ఈ రోజుల్లో అదే మాట దుబాయ్ దాకా వెళ్ళింది. ‘బతుకుదెరువు’ అన్న మాట ఉంది కదా, అందులో తెరువు అంటే దారి. దారిన పోయేవాణ్ణి పాత తెలుగులో తెరువరి అనేవారు. అంటే మన భాషలో సంపాదనకి పేరు పెట్టినప్పుడే కాళ్ళకి పని పెట్టేశారు!

ఇదే మాట ఇంకో వైపు తిప్పితే డబ్బు. "వాళ్ళు బాగా బతికిన కుటుంబం" అంటే ఆయుర్దాయం ఎక్కువని కాదు, ఒకప్పుడు ఆస్తిపాస్తులు ఉండేవని. "బతికి చెడ్డవాళ్ళు" అంటే అవి పోయాయని. నాకు ఈ మాట వింటే ఎప్పుడూ ఒక పెద్ద మండువా ఇల్లు, అందులో ఒక గదికే సున్నం వేసిన గోడలు కనపడతాయి. ‘బతకలేక బడిపంతులు’ అన్నారు ఒకప్పుడు. జీతం చాలని కాలంలో పుట్టిన వెక్కిరింపు అది. ఇప్పుడు ఆ ఉద్యోగం కోసం డీఎస్సీకి ఏళ్ళ తరబడి కోచింగ్ తీసుకుంటున్నారు, సామెత మాత్రం పాత జీతం మీదే ఉంది.

అన్నిటికన్నా గడుసు మాట ‘బతకనేర్చినవాడు’. పైకి పొగడ్త. లోపల చురక. నలుగురినీ మంచి చేసుకుని, గాలివాటం చూసుకుని, తన పని చక్కబెట్టుకునేవాడు. దానికి ఎదురుమాట ‘బతకడం తెలీనివాడు’. పైకి తిట్టు, లోపల కాస్త గౌరవం. మా తాత గురించి ఎవరైనా "ఆయనకి బతకడం తెలీదు" అంటే మా నానమ్మ కోప్పడేది కాదు, కొంగు సర్దుకుని కొంచెం నిటారుగా కూర్చునేది.

ఇక ప్రమాదం తప్పినప్పుడు. లారీ పక్కనుంచి దూసుకుపోయింది, "బతికిపోయాను" అంటాం. మాట విడదీసి చూడండి: బతికి, పోయాను. తెలుగులో ‘పోయాడు’ అంటే చనిపోయాడని. ఆ ‘పోవడాన్నే’ తీసుకొచ్చి ‘బతకడానికి’ తోక తగిలించాం! ఇక్కడ ‘పోవు’ సహాయక క్రియ, పని పూర్తయిందని చెబుతుంది, అంతే. వ్యాకరణం అలా చెబుతుంది గానీ, నాకు మాత్రం చావు మనల్ని తాకి వెళ్ళినట్టు వినిపిస్తుంది ఆ మాటలో.

దీనికన్నా గొప్పది, నాకు తెలుగులో అమితంగా నచ్చే మాట: బతుకు జీవుడా! గండం నుంచి బయటపడ్డవాడు, ఎవరి కంటా పడకుండా సందులోంచి జారుకుంటూ అనుకునే మాట. ఎవరితో అంటున్నాడు? తన లోపలి జీవుడితోనే. జీవుడంటే సంస్కృతం, బతుకంటే తెలుగు. ఆ జీవుడు లోపల ఎలాగూ ఉన్నాడు. అయినా వాడికి ‘బతుకు’ అని ఆజ్ఞ ఇస్తున్నాడు. ఉన్నవాడికి మళ్ళీ బతకమని చెప్పాల్సి రావడం, చూశారా, నేను ఇందాక చెప్పింది అదే. ఉండటం వేరు, బతకడం వేరు.

ఇంకో చిన్న విషయం. సంస్కృత సమాసంలో ‘జీవన్మరణ సమస్య’. జీవితం ముందు, మరణం తర్వాత. తెలుగులో ‘చావుబతుకుల సమస్య’. చావు ముందు! ఆసుపత్రిలో ఉన్న మనిషి ‘చావుబతుకుల మధ్య’ ఉన్నాడంటాం. బతుకుచావులు అనం. నోటికి ఏది సులువైతే అది ముందు వస్తుందంటారు కానీ, నాకు ఆ వరసే నచ్చింది. చావుని ముందే చెప్పేస్తే చివర మాట బతుకు అవుతుంది కదా.

రాతలో ‘బ్రతుకు’ అనాలా, ‘బతుకు’ అనాలా అని కొట్టుకునేవాళ్ళుంటారు. క్రింద కిందైంది, గ్రుడ్డు గుడ్డైంది, త్రాగడం తాగడమైంది. బ్రతుకు కూడా అలాగే బతుకైంది. పాత పద్యాల్లో బ్రదుకు అని కనిపిస్తుంది. పక్కనే కన్నడంలో బదుకు అంటారు. సరిహద్దు దాటినా అదే బతుకు.

ఈ మాటని ఏకంగా దేవత చేసుకున్నది తెలంగాణ. బతుకమ్మ. తంగేడు, గునుగు, బంతి పేర్చి తొమ్మిది రోజులు ఆడే పండుగ. 2014లో రాష్ట్ర పండుగ అయింది. పేరు వెనక కథలు చాలా ఉన్నాయి. ఎక్కువగా చెప్పేది, పుట్టినవాళ్ళంతా పోగా చివరికి దక్కిన ఆడబిడ్డని ‘బతుకు, అమ్మా’ అని దీవించారన్న కథ. ఇక్కడా ఆజ్ఞే గమనించండి. పిల్లలు దక్కని ఇళ్ళల్లో పేర్లు పెట్టే తీరు కూడా దీనికి చుట్టమే. పెంటయ్య, పెంటమ్మ అని పేర్లు వింటాం. పుట్టిన బిడ్డని ఉత్తుత్తిగా పెంటకుప్ప మీద పడేసి, దొరికిన బిడ్డలా మళ్ళీ ఎత్తుకొచ్చేవారు. ఈ బిడ్డకి విలువ లేదు, నీకెందుకులే అని చావుని మభ్యపెట్టడం. భిక్షమయ్య అయితే అడుక్కుని తెచ్చుకున్నవాడు. ఇప్పుడు ఆ పేర్లు చూసి నవ్వేవాళ్ళకి, ఆ తల్లి ఎంతమందిని పోగొట్టుకుని ఆ పేరు పెట్టిందో తెలీదు.

సంస్కృతం నుంచి వచ్చిన మాటలు కూడా మన దగ్గర ఊరికే కూర్చోలేదు. జీవితం అన్న మాట అరిగి అరిగి ‘జీతం’ అయింది. నిజంగానే, జీతానికి మూలం జీవితమే! ఒకటో తారీఖు వస్తే ఎందుకంత సంతోషమో ఇప్పుడర్థమైందా. పల్లెల్లో ‘జీవాలు’ అంటే గొర్రెలూ మేకలూ. ‘ప్రాణం’ అసలు ఊపిరి నుంచి వచ్చిన మాట. తెలంగాణలో ‘పాణం మంచిగ లేదు’ అంటే జ్వరమో తలనొప్పో, కంగారు పడక్కర్లేదు. అచ్చ తెలుగు ‘ఉసురు’ కూడా ఊపిరే, తమిళంలో ఉయిర్ దీనికి తోబుట్టువు. ఆఫీసు నుంచి ‘ఉసూరుమంటూ’ ఇంటికొస్తాం చూడండి, అందులో ఉన్నది ఆ ఉసురే. కాకపోతే మనం ఉసురుని ఎక్కువగా శాపానికి దాచుకున్నాం. అన్యాయమైపోయినవాడి ఉసురు తగులుతుంది.

మాటలన్నీ ఇలా ఊపిరి చుట్టూ తిరగడం వల్ల ఒకచోట మనకి నిజంగా ఇబ్బంది వస్తుంది. ఐసీయూ బయట. డాక్టర్ వచ్చి ‘బ్రెయిన్ డెడ్’ అంటాడు. లోపల చూస్తే ఛాతీ లేస్తోంది, పడుతోంది, ఒళ్ళు వెచ్చగా ఉంది. "ఊపిరి ఆడుతోంది కదయ్యా, ఎలా పోయినట్టు?" అంటుంది ఇంటి పెద్దావిడ. ఆడిస్తున్నది వెంటిలేటర్ అని ఆమెకి ఏ తెలుగు మాటతో చెప్పాలి? మన దేశంలో అవయవ మార్పిడి చట్టం 1994లో వచ్చింది. దాని ప్రకారం నలుగురు డాక్టర్ల బృందం, కనీసం ఆరు గంటల తేడాతో రెండుసార్లు పరీక్షించి ధ్రువీకరించాలి. చట్టానికి నిర్వచనం దొరికింది. ఆ పెద్దావిడకి సరిపడే మాట మాత్రం ఇంకా దొరకలేదు.

విచిత్రంగా అదే 1994లో ఒకాయన కాగితం మీద బతికొచ్చాడు. ఉత్తరప్రదేశ్‌లో ఆజంగఢ్ జిల్లా మనిషి, పేరు లాల్ బిహారీ. 1975లో రెవెన్యూ రికార్డుల్లో చనిపోయినట్టు రాసేశారు. భూమి బంధువుల పాలైంది. తాను బతికే ఉన్నానని ఒప్పించడానికి ఆయనకి 19 ఏళ్ళు పట్టింది. పేరు చివర ‘మృతక్’ అని తగిలించుకున్నాడు, తనలాంటివాళ్ళందరినీ కూడగట్టి మృతక సంఘం పెట్టాడు, ఎన్నికల్లో నిలబడ్డాడు. బతకడం ఒక పని అన్నాను కదా. ఈయనకి అదే ఉద్యోగమైంది.

సరే, మా పెదనాన్న దగ్గరికి వద్దాం. సాయంత్రం ఆయనే ఫోన్ చేశారు. ఈ లైఫ్ సర్టిఫికెట్‌ని ఆధార్‌తో డిజిటల్‌గా ఇచ్చే పద్ధతి, జీవన్ ప్రమాణ్, 2014 నవంబర్లో మొదలైంది. వేలిముద్ర వేస్తే చాలు. కానీ ఆ వయసులో వేళ్ళ గీతలు అరిగిపోతాయి. ఆయన పది వేళ్ళూ పెట్టారట, మెషీన్ ఒక్కటీ ఒప్పుకోలేదట. "ఇవాళ్టికి నేను లేనట్టేరా" అన్నారు.

మర్నాడు నేనే వెళ్ళాను. ఫోన్లో ముఖం చూపించి చేసే పద్ధతి కూడా ఉంది. కిటికీ పక్కన కుర్చీ వేసి కూర్చోబెట్టాను. కళ్ళజోడు తీసి పంచె అంచుతో తుడిచి ఒళ్ళో పెట్టుకున్నారు. మనవడు వెనక నుంచి తొంగి చూస్తున్నాడు. తెర మీద గుండ్రం వచ్చింది, అందులో ఆయన ముఖం. ఎదురుగా ఉన్నది ఫొటో కాదు, మనిషే అని దానికి నమ్మకం కుదరాలి కదా, అందుకని కన్ను ఆర్పమంటుంది.

"పెదనాన్నా, ఒక్కసారి కళ్ళు మూయండి" అన్నాను.

ఆయన మూయలేదు. నా వైపు చూశారు. "కన్ను మూస్తే బతికున్నట్టా?"

"మూసి, తెరవాలి."

"ఆ రెండోది ముందే చెప్పాలిరా" అన్నారు.