రాజు రాయించిన లెక్క, రైతు అడిగిన కాగితం

మిత్రులారా, నమస్కారం.

మధ్యయుగాల ఇంగ్లండ్ అనగానే కోటలు, గుర్రాలు, యుద్ధాలు గుర్తొస్తాయి. ఈరోజు నేను గుమాస్తాల గురించి మాట్లాడతాను. గొర్రె తోలు మీద వాళ్లు రాసిన లెక్కలు ఎవరి కోసం పుట్టాయో, చివరికి ఎవరి చేతికి వెళ్లాయో చెప్పాలని నా ఆశ.

1066లో ఫ్రాన్స్ వైపున్న నార్మండీ నుంచి వచ్చి ఇంగ్లండ్‌ను గెలిచిన విలియం, 1085 క్రిస్మస్‌కు గ్లాస్టర్‌లో కొలువు తీర్చి, దేశంలో ఏ భూమి ఎవరి చేతిలో ఉందో తేల్చమన్నాడు. మరుసటి ఏడాది రాజోద్యోగులు జిల్లాలు తిరిగారు. ఊరివాళ్ల చేత ప్రమాణం చేయించి మరీ అడిగారు. విలియం రాకముందు ఏలిన ఎడ్వర్డ్ రాజు ఉన్నప్పుడు ఈ భూమి ఎవరిది? ఇప్పుడెవరిది? నాగళ్లెన్ని, పిండిమరలెన్ని? ఒక్క ఎద్దునూ ఆవునూ పందినీ వదల్లేదనీ, ఇది చెప్పుకోడానికే సిగ్గుచేటనీ ఆనాటి చరిత్రకారుడు రాసిపెట్టాడు. ఆ కోపంలో న్యాయముంది. లెక్క రాయించుకున్నవాడు పరాయి రాజు మరి. అదే డూమ్స్‌డే బుక్.

తర్వాతి శతాబ్దంలో ఎక్స్‌చెకర్ అనే ఖజానా కచేరీ బలపడింది. దాని పని తీరును రాజు కోశాధికారి రిచర్డ్ ఫిట్జ్‌నీల్ 1170ల చివర్లో వివరంగా రాశాడు. పదడుగుల పొడవు, ఐదడుగుల వెడల్పు బల్ల. దాని మీద గీతలు గీసిన నల్లగుడ్డ. ఒక్కో వరుస ఒక్కో స్థానం: పెన్నీలు, షిల్లింగులు, పౌన్లు, ఆపైన ఇరవైలు, వందలు, వేలు. జిల్లా నుంచి పన్ను వసూలు చేసి తెచ్చిన షెరిఫ్ బల్లకు ఒకవైపు కూర్చునేవాడు. కట్టాల్సింది పైన, కట్టింది కింద బిళ్లలతో పేర్చి, అందరూ చూస్తుండగా తీసివేసేవారు. రోమన్ అంకెలతో ఆ పని కాగితం మీద చేయడం మహా కష్టం. పైగా చదువురాని షెరిఫ్‌కు కూడా తన బాకీ ఎంతో కళ్లకు కనబడుతుంది. ఆ టెన్షన్ ఎలా ఉండేదో ఊహించండి! ఫిట్జ్‌నీల్ అయితే దాన్ని చదరంగంతో పోల్చాడు.

డబ్బు కట్టినవాడికి రసీదు కర్రముక్క. దాని మీద గాట్లు పెట్టేవారు. వెయ్యి పౌన్లకు అరచేతి మందం, వందకు బొటనవేలంత, ఇరవైకి చిటికెన వేలంత, ఒక్క పౌనుకు పండిన బార్లీ గింజంత. తర్వాత కర్రను నిలువునా చీల్చి, ఒక సగం కట్టినవాడికి ఇచ్చి, రెండోది కచేరీలో ఉంచుకునేవారు. రెండూ కలిపితే గాట్లు సరిపోవాలి. మోసం చేయడం దాదాపు అసాధ్యం. వందల ఏళ్లు నడిచిన ఈ పద్ధతి 19వ శతాబ్దంలో రద్దయింది. మిగిలిపోయిన కర్రల్ని 1834 అక్టోబరు 16న పార్లమెంటు భవనం కింది పొయ్యిల్లో వేసి కాలిస్తే, ఆ మంటకు భవనమే తగలబడిపోయింది. నాకైతే భవనం కన్నా ఆ కర్రలు పోయినందుకే ఎక్కువ బాధ.

1199లో హ్యూబర్ట్ వాల్టర్ ఛాన్సలర్, అంటే రాజు ముద్రనూ రాతకోతలనూ చూసే అధికారి, అయ్యాక, రాజు పంపే ఉత్తరాలకు నకళ్లు తీసి తోలు చుట్టల్లో భద్రపరచడం మొదలైంది. రాత ఎంత పెరిగిందో ముద్రలకు వాడిన మైనమే చెబుతుంది. 1220ల చివర్లో వారానికి మూడున్నర పౌండ్ల బరువుకు పైచిలుకు ఖర్చయిన మైనం, 1260ల చివరికి దాదాపు 32 పౌండ్లయింది.

ఇంత రాత జరిగే దేశంలో జనం చూస్తూ ఊరుకుంటారా? 1377 నాటికి దక్షిణ ఇంగ్లండ్‌లో పదుల కొద్దీ ఊళ్లవాళ్లు డబ్బు కట్టి డూమ్స్‌డే నకళ్లు తీయించుకున్నారు. ఎడ్వర్డ్ కాలంలో రాజు సొంత భూమిగా ఉన్న ఊళ్ల రైతులకు కొన్ని ప్రత్యేక హక్కులుండేవి. మా ఊరు అలాంటిదే, భూస్వామికి ఈ వెట్టి మేం చేయం అని వాళ్ల వాదన. ఎవరిని లొంగదీయడానికి ఆ పుస్తకం రాశారో, వాళ్ల వారసులే మూడు వందల ఏళ్ల తర్వాత దాన్ని సాక్ష్యానికి పిలిచారు. ఈ చరిత్ర మొత్తంలో నాకు అన్నిటికన్నా గొప్పగా అనిపించే ఘట్టం ఇదే. భూస్వాములు పార్లమెంటుకు మొరపెట్టుకున్నారు. ఆ నకళ్లు చెల్లవని తేల్చేశారు.

నాలుగేళ్లకు, 1381 జూన్‌లో, రైతుల తిరుగుబాటు. ఊరూరా భూస్వాముల దస్త్రాలు తగలబెట్టారు. కేంబ్రిడ్జ్‌లో విశ్వవిద్యాలయం దస్త్రాలు కాల్చినప్పుడు, మార్జరీ స్టార్ అనే ముసలమ్మ ఆ బూడిదను గాలికి ఎగరేస్తూ, పోనీ ఈ గుమాస్తాల చదువు, పోనీ అని అరిచిందట. దీన్ని చదువురాని మూక చేసిన విధ్వంసం అని కొట్టిపారేసేవాళ్లతో నేను ఒప్పుకోను. అదే నెలలో లండన్ పక్కన మైల్ ఎండ్‌లో వాళ్లు రాజు రిచర్డ్‌ను అడిగింది వెట్టి నుంచి విముక్తి పత్రాలు, అదీ రాసి, ముద్ర వేసి. మఠం చేతిలో ఉన్న సెయింట్ ఆల్బన్స్ పట్టణం జనమైతే, ఎనిమిదో శతాబ్దపు ఆఫా రాజు తమకిచ్చాడని నమ్మిన పాత పత్రం చూపించమని మఠాధిపతిని నిలదీశారు. అలాంటిదేదీ లేదంటే, కొత్తది రాయించుకున్నారు. ఏది కాల్చాలో, ఏది రాయించుకోవాలో వాళ్లకు బాగా తెలుసు.

జులై 2న రాజు తన పత్రాలు రద్దు చేశాడు. సెయింట్ ఆల్బన్స్ వాళ్ల పత్రమూ నిలవలేదు. వాళ్ల నాయకుడు విలియం గ్రిండ్‌కాబ్‌ను ఉరితీశారు.