మంకుతనం కాదండీ, ఒంటికి పడటం లేదు

అందరికీ నమస్కారమండి.

కనుమ నాడు కోనసీమలోని జగ్గన్నతోట ప్రభల తీర్థంలో పిల్లలంతా కేరింతలు కొడుతుంటే, ఒక్క పిల్లాడు బాణసంచా మోతకి చెవులు మూసుకుని, ఒళ్లంతా చెమటలు పట్టి, ఎత్తుకున్న తండ్రినే కొరికేస్తుంటాడు. "గారం ఎక్కువైంది, రెండు తగిలించండి" అనే పెద్దాయన పక్కనే ఉంటాడు.

తగిలిస్తే తగ్గేది కాదండి ఇది. చెవి బాగానే ఉన్నా, అది అందించిన మోతని మెదడు సర్దుకోలేకపోతోంది. దీన్నే సెన్సరీ ప్రాసెసింగ్ ఇబ్బంది అంటాం. ఒకరికి చొక్కా మెడ దగ్గర లేబుల్ గుచ్చుకుంటుంది. ఒకరికి పెరుగన్నం చేతికి అంటితే కడుపులో తిప్పేస్తుంది. కొందరు సరిగ్గా దీనికి వ్యతిరేకం, దెబ్బ తగిలినా ఏడవరు, రోజంతా గెంతుతూ గోడల్ని గుద్దుకుంటూ ఉంటారు. వాళ్ల ఒంటికి ఇంకా కదలిక కావాలి.

ఈ ఇబ్బందుల మీద అమెరికాలో జీన్ ఎయిర్స్ అనే ఆక్యుపేషనల్ థెరపిస్టు (రోజువారీ పనులు సొంతంగా చేసుకునేలా తర్ఫీదిచ్చే నిపుణురాలు) ఏళ్ల తరబడి పనిచేసి 1972లో పుస్తకం రాశారు. చూపు, వినికిడి లాంటివాటితో పాటు లోపలి చెవి చూసుకునే ఒంటి బ్యాలెన్స్‌కీ, కండరాలూ కీళ్లూ పంపే కబురుకీ ఆవిడ పెద్దపీట వేశారు. మా థెరపిస్టుల పనిలో ఉయ్యాలలు, బరువులు అందుకే కనిపిస్తాయి.

క్షవరం సంగతే తీసుకోండి, చాలా ఇళ్లలో అదో యుద్ధం. ఇలాంటి పిల్లలకి సుతారంగా తాకితే చిరాకు, గట్టిగా అదిమితే హాయి. నలుగు పెట్టేటప్పుడు అమ్మమ్మల చేతి పట్టు గుర్తు తెచ్చుకోండి. షాపు ఖాళీగా ఉన్న వేళ తీసుకెళ్లి, ముందు రెండు అరచేతులతో తలని, భుజాల్ని నిదానంగా అదమండి. దువ్వెన పిల్లాడి చేతికివ్వండి. మెషిన్ వద్దు, కత్తెర చాలు. మెడ మీద వెంట్రుకల్ని బ్రష్‌తో దులపకుండా పొడి తువ్వాలుతో గట్టిగా తుడవండి. వద్దంటే ఆపేయండి, బలవంతం పెడితే వచ్చే నెల షాపు గుమ్మం కూడా ఎక్కడు.

గెంతే పిల్లలకి బరువు పని చెప్పండి. దింపు తీసిన కొబ్బరికాయలు దొడ్లోంచి అరుగు మీదకి చేర్చమనండి, చపాతీ పిండి పిసకమనండి. ఆ తర్వాత హోమ్‌వర్క్. టీచర్లు నోటు పుస్తకాల కట్ట పక్క క్లాసుకి పంపించొచ్చు. ఉయ్యాల ముందుకీ వెనక్కీ మెల్లగా ఊపితే నెమ్మదిస్తారు, గిర్రున తిప్పితే రెచ్చిపోతారు. మొహం పాలిపోయినా, వికారం వచ్చినా వెంటనే ఆపాలి. బరువు దుప్పట్లు కొనమంటున్నారట, మన ఉక్కపోతలో! చిన్నపిల్లలకి అవి ప్రమాదం కూడాను.

ఇంకో మాట. 2012లో అమెరికా పిల్లల వైద్యుల సంఘం ఈ సెన్సరీ ఇబ్బందిని విడి జబ్బుగా నిర్ధారించొద్దని చెప్పింది. ఆటిజం (నలుగురితో కలవడం, మాట్లాడటంలో ఇబ్బంది), ఏడీహెచ్‌డీ (నిలకడ లేకపోవడం, అతి చురుకు) లాంటివి ఉన్నాయేమో ముందు చూడాలి. పిలిస్తే పలకకపోతే వినికిడి పరీక్ష తప్పనిసరి. "పూర్తిగా నయం చేస్తాం, ప్యాకేజీ కట్టండి" అన్నచోట మాత్రం డబ్బు కట్టకండి. ఏం మారాలో ముందే మీరూ థెరపిస్టూ కలిసి కాగితం మీద రాసుకోండి, తనంతట తాను చొక్కా తొడుక్కోవడం లాంటిది. కొన్ని నెలలకి కూడా మార్పు లేకపోతే ఎందుకని అడగండి, అది మీ హక్కు.

అంగన్‌వాడీ టీచర్లకి చిన్న విన్నపం. అనుమానం వస్తే తల్లిని కంగారు పెట్టకుండా, ప్రభుత్వం తరఫున ఉచితంగా చూసే డీఈఐసీకి (పిల్లల ఎదుగుదల లోపాల్ని ముందే పట్టే జిల్లా కేంద్రం) పంపండి. బడి ఈడు పిల్లలైతే మండలంలో ప్రత్యేక అవసరాలున్న పిల్లల కోసం భవిత కేంద్రం ఉంటుంది, అక్కడ కనుక్కోమనండి.