పురిటింటి వాకిట్లో కెమెరా

అందరికీ నమస్కారం. సినిమా వేసే ముందు కాసేపు మాట్లాడమన్నారు. ప్రొజెక్టర్ సర్దేలోపు ముగించేస్తాను.

ఇది నా రెండో డాక్యుమెంటరీ. మొదటిది మా అమ్మ ఒక్కతే చూసింది, ఆవిడకీ సగంలో నిద్రొచ్చేసింది. ఈసారి శ్రీకాకుళం జిల్లా టెక్కలి దగ్గర తేలినీలాపురం వెళ్లాను. అక్కడికి ఏటా వానాకాలం చివర్లో గూడబాతులు, ఎర్రకాళ్ల కొంగలు వస్తాయి. పెలికాన్లు, పెయింటెడ్ స్టార్క్‌లు అంటే మీలో చాలామందికి వెంటనే తెలుస్తుంది. ఊరి చెట్ల మీదే గూళ్లు కట్టి పిల్లల్ని లేపుతాయి. మేతకి నౌపడ చిత్తడి నేలలవైపు పోతాయి. ఎండలు ముదిరేసరికి ఖాళీ.

నేను పోయింది పక్షుల కోసమే. పెద్ద లెన్సు అద్దెకి తెచ్చాను. ఆ రోజు అద్దె తలుచుకుంటే ఇప్పటికీ టెన్షనే. మొదటి నాలుగు రోజుల ఫుటేజ్ చాలా బాగా వచ్చింది. నాకొచ్చిన చిక్కు కూడా అదే. గోడమీద క్యాలెండర్ బొమ్మల్లా ఉంది తప్ప అందులో ఊరు లేదు.

ఐదో రోజు పొద్దున ఒక పెద్దావిడ చెట్టు కింద వాకిలి ఊడుస్తోంది. రెట్టలు, పుల్లలు, గూట్లోంచి జారిన చేపలు. ఊడ్చిన చోటే మళ్లీ పడుతున్నాయి. "వాసన రాదా అమ్మా?" అన్నాను. ఎగాదిగా చూసి, "పురిటిల్లు కదా బాబూ, వాసన రాకుంటాదేటి?" అంది. అప్పుడు కెమెరా ఆన్‌లో లేదు. మళ్లీ చెప్పమని అడగబుద్ధి కాలేదు. ఆ మాట సినిమాలో ఉండదు. కానీ ఆ మాట విన్నాక లెన్సు కిందికి దిగింది. మీరు చూడబోయే 22 నిమిషాల్లో పక్షులు కనిపించేది ఏడు నిమిషాలే.

ఊళ్లో వాళ్లు పక్షుల్ని అతిథుల్లా చూసుకుంటారని పేపర్లలో రాస్తుంటారు. నిజమే. ఆ మర్యాదకి ఖర్చెంతో మాత్రం ఎవరూ రాయరు. చింతకాయ పండే రోజుల్లో చెట్టు నిండా గూళ్లుంటే ఎవరు ఎక్కుతారు, ఎవరు దులుపుతారు? కర్ణాటకలో మండ్య జిల్లా కొక్కరె బెళ్లూరు ఇలాంటి ఊరే. అక్కడ చింత పంట వదులుకున్న చెట్ల యజమానులకి అటవీ శాఖ పరిహారం ఇచ్చింది. ప్రేమకి డబ్బులేంటని కొందరు ముఖం చిట్లిస్తారు. నాకు మాత్రం అది న్యాయమే అనిపిస్తుంది. చెట్టు వాళ్లది.

డ్రోన్ షాట్ లేదేమని ఇందాక ఒకరు అడిగారు. డ్రోన్ చప్పుడుకి తల్లి గూట్లోంచి లేచిందంటే గుడ్ల మీదికి కాకి రావడానికి అరనిమిషం చాలు. దాని బదులు మైకు పట్టుకుని రాత్రుళ్లు కూర్చున్నాను. పెద్ద కొంగలకి దాదాపు గొంతు లేదు, ముక్కులు టకటకలాడిస్తాయి. గోలంతా పిల్లలదే. సినిమా మొదట్లో తెర నల్లగా ఉండి ఆ చప్పుడొక్కటే వస్తుంది. సౌండ్ ఆపరేటర్‌ని తిట్టకండి.

ఇంకో ముక్క. ఊళ్లో ఎవర్నడిగినా ఇవి సైబీరియా పక్షులంటారు. కాదు. సైబీరియా నుంచి మన దేశానికి వచ్చే బాతులు వేరే ఉన్నాయి. ఈ రెండు జాతులూ మన దక్షిణాసియావే, ఇక్కడి చెరువులూ చిత్తడి నేలల మధ్యే తిరుగుతాయి. నా వ్యాఖ్యానంలోంచి సైబీరియాని తీసేశాను. మంచి పనే చేశాననుకున్నాను.

ఎడిటింగ్ అయ్యాక ఊళ్లోనే తెల్ల పంచెని తెరగా కట్టి సినిమా వేశాం. అందరూ పక్షుల్ని వదిలేసి తెరమీద ఒకళ్లనొకళ్లు వెతుక్కున్నారు. అయిపోయాక ఒక ముసలాయన లేచి, "అంతా బాగుంది గానీ, సైబీరియా అనలేదేటి?" అన్నాడు. పుస్తకాల్లో ఉన్నదంతా చెప్పాను. ఓపిగ్గా విన్నాడు. "సరే బాబూ, ఈసారి వేసినప్పుడు ఆ తప్పు దిద్దీయ్" అని వెళ్లిపోయాడు.

ఇంకా దిద్దలేదు. లైట్లు ఆపండి.