డెబ్బై పైసల వడ్డీ

(గుంటూరులో ఒక ఆదివారం ఉదయం ఉపాధ్యాయుల సమావేశంలో చేసిన ప్రసంగ పాఠం)

అందరికీ నమస్కారం.

మన ఊళ్లలో వడ్డీని శాతాల్లో చెప్పరు కదా. నూటికి నెలకు రూపాయిన్నర అంటారు, రెండు రూపాయలు అంటారు. మూడు రూపాయల వడ్డీ అంటే "అమ్మో" అనుకుంటాం. రూపాయి వడ్డీకే దొరికిందంటే ఎవరో బాగా కావలసినవాళ్లు ఇచ్చారని అర్థం. ఆ లెక్కలో ఇంటి లోన్ ఎంతవుతుందో చూడండి. ఏడాదికి ఎనిమిదిన్నర శాతం అంటే నెలకు నూటికి డెబ్బై పైసల చిల్లర. ఇంత చౌకగా మన తాతలకు ఎవరూ అప్పు ఇవ్వలేదు. ముప్పై ఏళ్ల బ్యాంకు ఉద్యోగంలో, లోన్ల సీట్లో కూర్చున్నన్నాళ్లూ, ఈ మాట నేనే వందలమందికి చెప్పాను. అబద్ధమేమీ కాదు. కాకపోతే సగమే చెప్పాను. రెండో సగం ఇవాళ చెబుతాను.

ప్రాంసరీ నోటుకు మూడేళ్లలో కాలదోషం పడుతుంది. అందుకే ఆ గడువు దాటకముందే అప్పిచ్చినవాడు, తీసుకున్నవాడు అరుగు మీద ఎదురెదురుగా కూర్చుని లెక్క చూసుకుంటారు. ఎంత చెల్లయింది, ఇంకా ఎంత ఉంది అని తేల్చుకుని నోటు తిరగరాసుకుంటారు. ఆ పూట అన్నం సయించకపోయినా, ఎక్కడున్నామో తెలుస్తుంది. ఇంటి లోన్‌లో ఆ అరుగు లేదు. ప్రతి నెలా ఐదో తారీఖున డబ్బు దానంతట అదే కట్ అవుతుంది, ఫోన్‌కి మెసేజ్ వస్తుంది, మనం చెరిపేస్తాం. ఇరవై ఏళ్లపాటు లెక్క చూసుకోవాల్సిన రోజే రాదు.

నా సీటు ముందు జరిగిన సంగతి ఒకటి చెబుతాను. పేర్లు వద్దు, ఇద్దరూ మీలాగే టీచర్లు. చెప్పుకోవడానికి వీలుగా అంకెలు గుండ్రం చేస్తున్నాను, వడ్డీ మధ్యలో మారలేదనుకోండి. 50 లక్షల లోన్, 20 ఏళ్లు, ఎనిమిదిన్నర శాతం. ఈఎంఐ 43,391 రూపాయలు. ఐదేళ్లు ఒక్క నెల కూడా తప్పలేదు. ఆ ఏడాది అరియర్స్ వస్తే కొంత లోన్‌లో వేద్దామని వచ్చారు. "బ్యాలెన్స్ ఎంతుందో చూస్తారా సార్?" అన్నాడాయన. ప్రింట్ తీసి ఇచ్చాను. ఆవిడ బ్యాగులోంచి ఎర్ర పెన్ను తీసింది, పేపర్లు దిద్దే పెన్ను. వరసలన్నీ చూసుకుంటూ వచ్చి చివరి అంకె కింద గీత గీసింది. 44,06,000 చిల్లర.

ఇద్దరూ ఒకరి మొహం ఒకరు చూసుకున్నారు.

"మేం ఇరవై ఆరు లక్షలు కట్టాం సార్. ఇది వేరేవాళ్ల అకౌంట్ అయ్యుంటుంది, మళ్లీ చూడండి" అందావిడ.

వాళ్ల అకౌంటే. అరవై నెలల్లో కట్టింది 26,03,460. అసలులో తగ్గింది ఆరు లక్షల లోపు. మిగతా ఇరవై లక్షలూ వడ్డీకే పోయాయి.

"బ్యాంకులు ముందు వడ్డీ లాగేసుకుని తర్వాత అసలు ముట్టుకుంటాయి, ఇదో మోసం" అని వాట్సాప్‌లో తిరుగుతుంటుంది. మోసం కాదు, మామూలు కూడికలు తీసివేతలే. మొదటి నెల 50 లక్షల మీద వడ్డీ 35,417. కట్టినదాంట్లో అది పోగా అసలుకు చెల్లు పడేది 7,974. అందువల్ల రెండో నెల వడ్డీ ఎంత తగ్గుతుందో తెలుసా? 56 రూపాయలు. రెండు టీలు, ఒక సమోసా. అలా నెలకింత తగ్గుతూ తగ్గుతూ, అసలు సగానికి దిగేసరికి పదమూడేళ్ల పది నెలలు పడుతుంది. లోన్ తీసుకున్న రోజు యూకేజీలో చేరిన పిల్ల అప్పటికి బీటెక్ మొదటి ఏడాది చివర్లో ఉంటుంది. ఇరవై ఏళ్లకు మొత్తం కట్టేది 1,04,13,840. అంటే 50 లక్షలకు 54 లక్షల వడ్డీ.

మరి డెబ్బై పైసలు ఇంత ఎలా అయింది? వడ్డీ రేటు వల్ల కాదు, నెలల వల్ల. రేటు పావు శాతం తగ్గించమని మా దగ్గర గంటసేపు బేరం ఆడేవాళ్లు, కాలవ్యవధి దగ్గరికి వచ్చేసరికి మేం రాసిందానికి తలూపేవాళ్లు. మేం అడిగే ప్రశ్న కూడా అలాంటిదే: "నెలకు ఎంత కట్టగలరు?" ఎన్నాళ్లు కడతారని ఎవరినీ అడగలేదు. ఈఎంఐ ఎక్కువైందని మొహం చిన్నబుచ్చుకుంటే ముప్పై ఏళ్లు చేసేవాళ్లం. అదే 50 లక్షలకు ముప్పై ఏళ్లయితే ఈఎంఐ 38,446. నెలకు 4,945 మిగిలిందని సంతోషంగా సంతకం పెడతారు. ఆ సంతోషానికి అదనంగా పడే వడ్డీ 34 లక్షలు. అటు పదిహేనేళ్లు పెట్టుకుంటే ఈఎంఐ 49,237. నెలకు ఆరు వేల లోపే ఎక్కువ, కానీ పదిహేనున్నర లక్షల వడ్డీ తప్పుతుంది.

ఒప్పుకోవాల్సిన మాట ఒకటుంది. మాకు స్టాఫ్ లోన్ ఉండేది, తక్కువ రేటుకి, బారువడ్డీకి. అందుకే కౌంటర్‌కి అవతలివైపు నొప్పి ఎలా ఉంటుందో మాలో చాలామందికి తెలియదు. నాకు తెలిసింది 2023లో, మా పిన్ని కొడుకు వల్ల.

వాడు హైదరాబాద్‌లో ఉంటాడు. 2021 మధ్యలో 40 లక్షలు తీసుకున్నాడు. అప్పుడు రిజర్వ్ బ్యాంకు రెపో రేటు, అంటే అది బ్యాంకులకు అప్పిచ్చే రేటు, నాలుగు శాతం, వాడికి లోన్ 6.75 శాతానికే దొరికింది. ఇరవై ఏళ్లు, 30,415 ఈఎంఐ. 2022 మేలో మొదలై 2023 ఫిబ్రవరికల్లా రెపో రేటు ఆరున్నరకి చేరింది. రెపోని బట్టి మారే ఫ్లోటింగ్ రేటు కాబట్టి వాడి వడ్డీ 9.25 అయింది. పండక్కి వచ్చినప్పుడు అడిగితే, "మా బ్యాంకు మంచిది అన్నయ్యా, ఒక్క రూపాయి కూడా ఈఎంఐ పెంచలేదు" అన్నాడు. యాప్ తెరవమన్నాను. అసలు ముప్పై ఎనిమిదిన్నర లక్షలుంది. దాని మీద నెల వడ్డీ 29,677. కట్టే 30,415లో అసలుకు చెల్లు పడుతున్నది 738 రూపాయలు. వాడి ఇంటి ఇంటర్నెట్ బిల్లు అంతకంటే ఎక్కువ. ఆ లెక్కన తీరడానికి ఇంకా నలభై ఏళ్లు పడుతుంది. బ్యాంకు అంతకాలం ఊరుకోదు కదా, కొన్నాళ్లకు ఈఎంఐ పెంచుతూ ఉత్తరం వచ్చింది. అప్పుడు వాడికి ఆ బ్యాంకు మీద కోపం వచ్చింది. నిజానికి కోపం రావాల్సింది ఈఎంఐ పెంచకుండా ఊరుకున్న నెలల మీద.

ఇలాంటివాళ్లు దేశమంతా ఉన్నారు కాబట్టే 2023 ఆగస్టులో రిజర్వ్ బ్యాంకు ఒక సర్క్యులర్ ఇచ్చింది. రేటు మారినప్పుడు ఈఎంఐ పెంచాలా, గడువు పెంచాలా, రెండూ కొంత కొంతా అన్నది మిమ్మల్ని అడగాలి. మూడు నెలలకోసారి స్టేట్‌మెంట్ ఇవ్వాలి. ఇప్పటిదాకా అసలు ఎంత, వడ్డీ ఎంత, ఇంకా ఎన్ని ఈఎంఐలు అన్నవి అందులో ఉండాలి. నా లెక్కలో అదే మన పాత అరుగు. తెరిచి చూడండి, అందులో మిగిలిన ఈఎంఐల సంఖ్య ఒక్కటి చూసినా చాలు. 2025లో రెపో రేటు మొత్తం ఒకటింబావు శాతం తగ్గింది. మీ రేటు తగ్గినప్పుడు ఈఎంఐ తగ్గించమని అడగకండి, పాతదే కడతామనండి, గడువు తగ్గుతుంది. 2019 అక్టోబరుకి ముందు తీసుకున్న పాత లోన్లు, హౌసింగ్ ఫైనాన్స్ కంపెనీల లోన్లు రెపోకి తగ్గట్టు వెంటనే కదలాలని లేదు. అవి ఉన్నవాళ్లు వెళ్లి అడగాలి. కొత్తవాళ్లకు ఇస్తున్న రేటుకి మారడానికి కొంత ఫీజు తీసుకుంటారు. మిగిలిన గడువు ఎక్కువగా ఉంటే ఆ ఫీజు సాధారణంగా కొన్ని నెలల్లోనే వెనక్కి వచ్చేస్తుంది.

ఇక లోన్ పక్కన నక్కి ఉండే ఖర్చులు. 65 లక్షల ఫ్లాట్ అనుకోండి, రిజిస్ట్రేషన్ మన రెండు రాష్ట్రాల్లోనూ ఏడున్నర శాతం, అంటే నాలుగు లక్షల ఎనభై ఏడున్నర వేలు. దీన్ని బ్యాంకు లోన్‌లో కలపదు. ఇంటి ధరలో మన చేతి నుంచి పెట్టాల్సిన మార్జిన్ మనీ పెట్టేసరికే చేతులు ఖాళీ అయినవాళ్లు దీనికి పర్సనల్ లోనో, బంగారం మీద లోనో తెస్తారు. అక్కడ డెబ్బై పైసలు ఉండదు, సాధారణంగా అంతకంటే ఎక్కువే పడుతుంది. కట్టుబడిలో ఉన్న ఫ్లాటయితే జీఎస్టీ, దానితోపాటు ప్రీ-ఈఎంఐ. ఈ ప్రీ-ఈఎంఐ అనే పేరు పెట్టినవాడెవడోగాని తెలివైనవాడు. అది ఈఎంఐ కానే కాదు, ఉత్త వడ్డీ. బిల్డర్‌కి 30 లక్షలు విడుదలై ఉంటే నెలకు 21,250. మూడేళ్లు ఆలస్యమైతే 7,65,000 పోతుంది, అసలులో పైసా తగ్గదు. పక్కన అద్దె ఎలాగూ కడుతూనే ఉంటారు.

సంతకాల రోజున లైఫ్ ఇన్సూరెన్స్ కాగితం ఒకటి జరుపుతారు. తీసుకోవడం తప్పనిసరి అని ఏ నిబంధనా లేదు. ఇంటి మీద అప్పున్నవాడికి జీవిత బీమా ఉండాలి, అందులో సందేహం లేదు. కానీ లక్షన్నర ప్రీమియాన్ని లోన్‌లోనే కలిపేస్తే, ఇరవై ఏళ్లలో దానికి మీరు కట్టేది మూడు లక్షల పన్నెండు వేలు. బయట టర్మ్ పాలసీ ఏడాదికేడాది కట్టుకోవచ్చు. ఈ పాలసీలు అమ్మాలని మాకు టార్గెట్లు ఉండేవి. ఇంతకంటే చెప్పను.

ఇక్కడ నా మాటకు నేనే అడ్డం వస్తాను. 54 లక్షల వడ్డీ అని భయపెట్టాను కదా, అవన్నీ ఇవాళ్టి రూపాయలు కావు. ధరలు ఏడాదికి ఆరు శాతం పెరుగుతాయనుకుంటే, ఇరవయ్యో ఏట కట్టే 43,391 ఇవాళ్టి లెక్కలో పదమూడున్నర వేలే. మీ జీతాలు డీఏలతో, పీఆర్సీలతో పెరుగుతాయి, ఈఎంఐ అక్కడే ఉంటుంది. పైగా సొంతిల్లు లేకపోతే అద్దె కట్టాలి, అది ఏటా పెరుగుతుంది. కాబట్టి లోన్ వద్దనడానికి నేను రాలేదు. చిక్కల్లా ఒక్కటే. మొదట్లో కట్టే రూపాయికి బలం ఎక్కువ, అప్పుడే మన చేతిలో డబ్బు ఉండదు. చేతిలో డబ్బు ఆడేనాటికి ఆ బలం పోతుంది. ఈ 50 లక్షల లోన్‌లోనే మొదటి ఏడాది చివర లక్ష రూపాయలు అదనంగా కడితే, చివరి నుంచి పదకొండు ఈఎంఐలు ఎగిరిపోతాయి, అంటే దాదాపు నాలుగు లక్షల డెబ్బై ఏడు వేలు. అదే లక్ష పదిహేనో ఏడాది చివర కడితే పోయేవి మూడున్నర ఈఎంఐలే.

ఏటా ఒక ఈఎంఐ అదనంగా వేస్తూ పోయినా ఇరవై ఏళ్ల లోన్ పదిహేడేళ్లలోపే తీరుతుంది, పది లక్షలకు పైగా మిగులుతుంది. వ్యక్తులు తీసుకున్న ఫ్లోటింగ్ రేటు ఇంటి లోన్ మీద ముందుగా కట్టినందుకు పెనాల్టీ వేయకూడదు. కట్టేటప్పుడు మాత్రం "ఈఎంఐ అలాగే ఉంచి గడువు తగ్గించండి" అని రాసివ్వండి. ఆరు నెలల ఖర్చులకు డబ్బు పక్కన పెట్టుకున్నాకే ఇదంతా. ఆస్పత్రి అవసరం వస్తే లోన్‌లో వేసిన డబ్బు వెంటనే వెనక్కి రాదు. టాక్స్ తగ్గుతుంది కాబట్టి లోన్ ఉంచుకోమని సలహా ఇచ్చేవాళ్లు మీ స్టాఫ్‌రూమ్‌లోనూ ఉంటారు. కొత్త పన్ను పద్ధతిలో ఉన్నవాళ్లకు, సొంతంగా ఉండే ఇంటి వడ్డీ మీద ఆ తగ్గింపే లేదు. పాత పద్ధతిలో ఉన్నా, మహా అయితే ముప్పై పైసల చిల్లర పన్ను మిగుల్చుకోవడానికి బ్యాంకుకు వడ్డీగా రూపాయి కట్టడమే.

ఆ టీచర్ల సంగతి సగంలో వదిలేశాను. మూడు లక్షలు తెచ్చారు వాళ్లు. అంత వడ్డీ చూశాక, "ఇప్పుడు ఈ మూడు లక్షలు వేసి ఏం లాభం సార్?" అన్నాడాయన. లెక్క వేసి చూపించాను. మిగిలినవి 180 ఈఎంఐలు, మూడు లక్షలు పడ్డాక దాదాపు 157. ఆవిడ ఆ ప్రింట్ మీదే 180 కొట్టేసి, ఎర్ర పెన్నుతో 157 వేసి చుట్టూ సున్నా చుట్టింది. ఆ కాగితం తనే పట్టుకెళ్లింది. తర్వాతి ఏడాది ఏప్రిల్లో అదే కాగితంతో మళ్లీ వచ్చారు.

చివరగా ఒక పని. లోన్ తీరిన రోజు స్వీట్లు పంచి ఊరుకుంటారు చాలామంది. మొత్తం తీరిన ముప్పై రోజుల్లో ఒరిజినల్ కాగితాలు ఇవ్వకపోతే, ఆలస్యం వాళ్లదయితే, రోజుకు ఐదు వేల చొప్పున మీకు కట్టివ్వాలని 2023 డిసెంబరు నుంచి నియమం ఉంది. కాగితాలు తీసుకున్నాక, తనఖా రిజిస్టర్ అయి ఉంటే దాన్ని సబ్ రిజిస్ట్రార్ ఆఫీసులో రద్దు చేయించి, కొత్తగా ఈసీ, అంటే ఆస్తి మీద ఉన్న తనఖాలూ లావాదేవీలూ చూపించే పత్రం, తీయించి చూసుకోండి. లేకపోతే బ్యాంకు పుస్తకంలో అప్పు తీరినా ఈసీలో తనఖా అలాగే కనిపిస్తుంది. పదేళ్ల తర్వాత అమ్మబోతే కొనేవాడి లాయరు దాన్ని పట్టుకుంటాడు. అప్పటికి ఆ బ్రాంచ్ ఇంకో బ్రాంచ్‌లో కలిసిపోయి ఉంటుంది, మీ ఫైలు ఏ గోడౌన్‌లో ఉందో చెప్పగలిగినవాడు నాలాగే రిటైరై ఎక్కడో మైకు ముందు మాట్లాడుతుంటాడు.