ఖాళీ ఫ్రేముల్లో కనబడే పక్షి: ‘బ్లింకిటీ బ్లాంక్’ రివ్యూ

నమస్కారం. ముందే ఒక హెచ్చరిక: తళుక్కుతళుక్కుమనే వెలుతురుకు మూర్ఛ వచ్చే ఇబ్బంది ఉన్నవాళ్లు ఈ సినిమా జోలికి వెళ్లకండి.

యానిమేషన్ దర్శకుడు నార్మన్ మెక్‌లారెన్ 1955లో కెనడా నేషనల్ ఫిల్మ్ బోర్డుకు తీసిన యానిమేషన్ సినిమా ‘బ్లింకిటీ బ్లాంక్’. నిడివి 5 నిమిషాల పైచిలుకు. ఆ ఏడాది కాన్ చలనచిత్రోత్సవంలో లఘుచిత్రాలకిచ్చే అత్యున్నత బహుమతి పామ్ డోర్ దీనికే వచ్చింది. తీసిన అన్నాను గానీ, బొమ్మలకు కెమెరానే వాడలేదు. నల్లటి 35 ఎంఎం ఫిల్మ్‌ని చాకుతో, సూదితో, బ్లేడుతో గీకి, గీకిన చోట రంగులు అద్దాడు.

కథంటారా, పక్షుల్లాంటి ఆకారాలు కొట్టుకుంటాయి, దగ్గరవుతాయి. అంతే. అసలు పనంతా ఫ్రేముల లెక్కలో ఉంది. ఫిల్మ్ మీది ఒక్కో గడి ఒక ఫ్రేము, సెకనుకు 24 ఫ్రేములు. మామూలు యానిమేషన్‌లో అన్నిట్లోనూ బొమ్మ ఉంటుంది. ఇక్కడ ఒక ఫ్రేములోనో, రెండు మూడు ఫ్రేముల గుత్తిలోనో బొమ్మ పెట్టి, తర్వాతివి నల్లగా వదిలేశాడు. చీకట్లో మెరిసిన గీత ఆరిపోయాక కూడా కాస్తసేపు కంట్లో నిలుస్తుంది. ఈలోగా పక్కన ఇంకోటి మెరిస్తే, మొదటిదే అక్కడికి గెంతిందనుకుంటాం. ఆ గెంతు ఫిల్మ్ మీద ఎక్కడా లేదు! అనుమానముంటే యూట్యూబ్‌లో పాజ్ చేసి, కీబోర్డులో ఫుల్‌స్టాప్ మీట నొక్కుతూ ఒక్కో ఫ్రేమే జరపండి. నలుపు, నలుపు, ఓ ఈక, మళ్లీ నలుపు.

గీకడంలో చిక్కేమిటంటే, నల్ల ఫిల్మ్ మీద ఫ్రేము హద్దులు కనబడవు. అంచున ఫ్రేముకు 4 చొప్పున ఉండే రంధ్రాలే ఆనవాలు. ఫ్రేము వెడల్పు సుమారు 22 మిల్లీమీటర్లు. చెయ్యి అర మిల్లీమీటరు జారిందా, 3 మీటర్ల తెర మీద అది దాదాపు 7 సెంటీమీటర్లు. మామూలు కార్టూన్లో ఆ వణుకు పట్టిచ్చేస్తుంది. ఇక్కడ పోల్చి చూడ్డానికి పక్క ఫ్రేములో బొమ్మే లేదాయె!

మారిస్ బ్లాక్‌బర్న్ సంగీతం కూడా అదే దారి: ఐదుగురు వాద్యకారులు, చాలావరకు అప్పటికప్పుడు వాయించింది. మధ్యలో వచ్చే టకటకలు సౌండ్‌ట్రాక్ మీద, అంటే ఫిల్మ్ మీద ధ్వని కోసం ఉండే పట్టీ మీద, గీకిన గీతలే. బొమ్మ వరుసగా ఎక్కువ ఫ్రేములు నిలిచిన చోట్ల మాత్రం నాకు పట్టు సడలినట్టే అనిపించింది.

టీవీలో చూస్తే మోషన్ స్మూతింగ్ ఆపేయండి. అది మధ్యలో లేని ఫ్రేములు కల్పించి, ఒక్క ఫ్రేము మెరుపుని పులిమేస్తుంది. గదిలో లైటు కూడా ఆర్పండి, లేకపోతే తెరమీది నలుపు బూడిదరంగుకి దిగిపోతుంది. ఆ ఫుల్‌స్టాప్ మీట సంగతి రెండోసారికి. మొదటిసారి ఆపకుండా చూడండి.