కదలని జెయింట్ వీల్

అందరికీ నమస్తే అండీ. ఈసారి వీడియో విజయవాడ నుంచి. బందరు రోడ్డులో స్వరాజ్ మైదానం దగ్గర ఉన్నాం, అమ్మ, నేను, మా పాప. మా చిన్నప్పుడు దీన్ని పీడబ్ల్యూడీ గ్రౌండ్ అనేవాళ్లం.

మేముండేది అమెరికాలో, న్యూ ఆర్లీన్స్‌లో కదా. ఊరికి తూర్పున హైవే పక్కన ఒక అమ్యూజ్‌మెంట్ పార్కు ఉండేది. 2000లో జాజ్‌ల్యాండ్ పేరుతో తెరిచారు, తర్వాత దాని పేరు సిక్స్ ఫ్లాగ్స్ అయింది. 2005 ఆగస్టులో కత్రినా తుఫాను వస్తోందని మూశారు. మళ్లీ తెరవలేదు. నీళ్లు తోడే పంపులు పనిచేయక, వారాల తరబడి ఉప్పునీళ్లలో నానింది. ఉప్పు తగిలిన ఇనుము ఏమవుతుందో మీకు తెలుసు. గేటు బోర్డు మీద 'తుఫాను వల్ల మూసివేశాం' అన్న అక్షరాలు మాత్రం ఏళ్లపాటు అలాగే ఉండిపోయాయి. ఆ రెండు ముక్కలు తలుచుకుంటే ఇప్పటికీ గుండె బరువెక్కుతుంది. రేపో ఎల్లుండో తిరిగొస్తాం అనుకునే కదా పెట్టి ఉంటారు!

సాయంత్రం అటు వెళ్తే నేను కారు కాస్త నెమ్మదిగా పోనిచ్చేదాన్ని. కదలని జెయింట్ వీల్, రోలర్ కోస్టర్ పట్టాలు, పొద్దువాలే ఎండకి ఆ తుప్పంతా ఎర్రగా మెరిసేది. అంత అందం బతికున్న పార్కులో కూడా నేను చూడలేదు. 2024లో కూల్చడం మొదలుపెట్టారని విన్న రోజు నాకు అన్నం సహించలేదు.

ఎందుకంటే నా జెయింట్ వీల్ ఇక్కడ, ఈ స్వరాజ్ మైదానంలో ఉండేది. ఎగ్జిబిషన్ పెట్టారంటే చాలు, నాన్న మమ్మల్ని తీసుకొచ్చేవారు. పళ్లెమంత అప్పడం మీద కారం చల్లి ఇచ్చేవాళ్లు, పీచుమిఠాయి జుట్టుకు అంటుకునేది. కింద మనుషుల్ని ఎక్కించుకోవడానికి వీల్ ఆపేవాళ్లు, మా తొట్టి సరిగ్గా పైన ఆగి ఊగేది. అమ్మ కళ్లు మూసుకుని దుర్గమ్మను తలుచుకుంటే, నాన్న ఇంద్రకీలాద్రి మీద దీపాలు చూపించేవారు.

ఎగ్జిబిషన్ అయ్యాక వీల్‌ను విప్పి లారీలకెక్కించేవాళ్లు. గుంజలు పీకిన గుంటలు మిగిలేవి, వానకి అవీ పూడిపోయేవి. ఇక్కడ తుప్పు కూడా మిగలలేదండీ.

ఇప్పుడిక్కడ 125 అడుగుల అంబేడ్కర్ గారి విగ్రహం. 2024 జనవరిలో ఆవిష్కరించారు. మా పాప తలెత్తి చూస్తూ, "అమ్మమ్మా, వీల్ ఎక్కడుండేది?" అంది.

అమ్మ రోడ్డు వైపు చెయ్యి చూపింది. నాకేమో వెనకవైపు అని గుర్తు.

"కాదే, ఇటే. మీ నాన్న ఇక్కడే చెప్పులు విప్పి చేత్తో పట్టుకున్నారు, పైనుంచి జారిపోతాయని."

చెప్పుల సంగతి నాకు తెలియదు. అమ్మ చూపించిన చోటే కెమెరా పెట్టాను.