పాచిక పారిన పూట

శ్రోతలకు నమస్కారం.

ఒక అద్దె ఇంట్లో కొందరు మగవాళ్లు నేల మీద చేరి పాచికలు వేస్తుంటారు. సోకుగా తయారైన జిమ్మీ అనే జూదరి వచ్చి వాళ్లతో కలుస్తాడు. 1929లో న్యూయార్క్‌లో తీసిన ‘సెయింట్ లూయిస్ బ్లూస్’ అలా మొదలవుతుంది. రెండు రీళ్ల సినిమా, దాదాపు 16 నిమిషాలు. నటులంతా నల్లజాతివారే. దర్శకుడు మాత్రం తెల్లవాడు, డడ్లీ మర్ఫీ.

జిమ్మీని ప్రాణంగా ప్రేమించిన మనిషి బెస్సీ. ఆ పాత్ర వేసింది గాయని బెస్సీ స్మిత్. ఆమె ఇంటికి వచ్చేసరికి అతను ఇంకో అమ్మాయితో ఉంటాడు. ఆ అమ్మాయిని తరిమేస్తుంది. అతను మాత్రం బెస్సీనే కింద పడేసి వెళ్లిపోతాడు. నేల మీద ఉండగానే ఆమె నోట ‘సెయింట్ లూయిస్ బ్లూస్’ పాట మొదలవుతుంది. తర్వాత చూస్తే సారా కొట్టులో, బీరు గ్లాసు ముందు పెట్టుకుని అదే పాట. కొట్టులో ఉన్నవాళ్లంతా, మన భజనలో వంత అందుకున్నట్టు, ఆమె చరణాన్ని అందుకుంటారు. ఆ గొంతులు హాల్ జాన్సన్ గాయక బృందానివి.

జిమ్మీ తిరిగి వస్తాడు. ఆమె ముఖం వెలిగిపోతుంది. తన పాచిక పారిందనుకుంటుంది పాపం. ఇద్దరూ డాన్స్ చేస్తారు. ఆ డాన్స్‌లోనే ఆమె మేజోడులో దాచుకున్న డబ్బు లాగేసుకుని, ఆమెను తోసేసి పోతాడు. మళ్లీ అదే పాట. ఎన్నిసార్లు చూసినా ఆ వెలిగిన ముఖం దగ్గరే నా గుండె బరువెక్కుతుంది.

నల్లవాళ్లంటే జూదం, తాగుడు అన్నట్టు చూపించారని ఈ సినిమా మీద విమర్శ ఉంది. అది న్యాయమైన మాటే. కానీ బ్లూస్ అనే అమెరికా నల్లజాతివారి పాటలకు మహారాణి అనిపించుకున్న బెస్సీ స్మిత్ పాడుతుండగా మనం చూడగలిగేది ఈ ఒక్క సినిమాలోనే.

ఆ ఏడాది అక్టోబరులోనే షేర్ మార్కెట్ కుప్పకూలింది. రికార్డులు కొనేవాళ్లు తగ్గిపోయారు. 1931లో కొలంబియా రికార్డు కంపెనీ ఆమెను వదులుకుంది. 1937 సెప్టెంబరులో మిసిసిపీలో కారు ప్రమాదంలో ఆమె చనిపోయారు. సమాధి మీద పేరు చెక్కిన రాయి 1970 దాకా పడలేదు. ఆ రాయి ఖర్చులో కొంత గాయని జానిస్ జోప్లిన్ భరించారు.

సంగీతకర్త డబ్ల్యు. సి. హ్యాండీ 1914లో ప్రచురించిన ఈ పాటను సినిమాకు నాలుగేళ్ల ముందే, 1925 జనవరిలో, బెస్సీ రికార్డుకు పాడారు. కార్నెట్ అనే బాకా మీద లూయీ ఆర్మ్‌స్ట్రాంగ్. తోడుగా ఫ్రెడ్ లాంగ్‌షా వాయించింది హార్మోనియం. అవును, మన పద్య నాటకాల్లో వినే హార్మోనియం తోబుట్టువే. ఇప్పుడు ఆ రికార్డు విందాం.